మిగిలిన రోజు ఎవరిది? కల్పిత కాలదేవతలనూ వాళ్ళ పూజలనూ కట్టుకునే పద్ధతి

చెన్నైలో, పశ్చిమ మాంబళంలో మా ఇల్లు. వంటింటి తలుపు పక్కన ఒకే మేకుకు రెండు క్యాలెండర్లు వేలాడుతుంటాయి. ఒకటి రోజూ చింపేసే తమిళ తేదీల కాగితం. రెండోది మా పెద్దమ్మ ప్రతి ఏడూ విజయవాడ నుంచి పంపించే తెలుగు పంచాంగం క్యాలెండర్. 2026లో మార్చి 19న మేం ఉగాది పచ్చడి తిని పరాభవ నామ సంవత్సరంలోకి వచ్చేశాం. ఎదురింటి మామి ఏప్రిల్ 14న పుత్తాండు (తమిళ సంవత్సరాది) వచ్చేదాకా విశ్వావసులోనే ఉన్నారు. అరవై ఏళ్ల పేర్లు ఇద్దరికీ ఒకటే, మొదలయ్యే రోజే వేరు. నాలుగడుగుల వరండాకు అటు ఒక సంవత్సరం, ఇటు ఒక సంవత్సరం. ఇరవై ఆరు రోజులు అలాగే గడిచాయి.

కాలానికి దేవుళ్ళను కల్పించాలనుకునేవాళ్ళకు నేను మొదట చూపించేది ఈ వరండానే. రెండు లెక్కలు కలవని చోట కొన్ని రోజులు ఎవరివీ కాకుండా మిగిలిపోతాయి. ఆ మిగులులోంచి పుట్టిన దేవత పాఠకుడి మనసులో నిలుస్తుంది.

ఇది నాకు ఆలస్యంగా తెలిసింది. నా మొదటి ఫాంటసీ నవలకు పన్నెండు నెలలకు పన్నెండు మంది దేవుళ్ళను పెట్టాను. ఒక్కొక్కరికి ఒక రంగు, ఒక వాహనం, ఒక ఆయుధం. రాతప్రతి చదివిన స్నేహితులకు వారం తర్వాత ఒక్క పేరు కూడా గుర్తులేదు. ఆ పన్నెండు మందిలో ఎవరిని తీసేసినా ఆ లోకంలో ఏ మనిషి దినచర్యా మారదు. లోపం అక్కడుంది. ఆ తర్వాత నాకు పనికొచ్చిన పద్ధతిని ఇక్కడ మెట్టు మెట్టుగా రాస్తున్నాను. ఉదాహరణగా నా కొత్త కథలోని నీలరేవు అనే ఊరిని తీసుకుంటాను. అది కల్పిత రేవు పట్నం.

మొదటి మెట్టు: కాలాన్ని దేనితో కొలుస్తారో తేల్చుకోండి

దేవుడి ముఖం ఎలా ఉంటుందో తర్వాత చూద్దాం. ముందు మీ ఊళ్ళో జనం "ఎంతైంది?" అని ఎవరిని అడుగుతారో, ఆ మనిషి దేన్ని చూసి చెబుతాడో రాసుకోండి. నీడా, కోడికూతా, గుడిగంటా, నీళ్ళ గిన్నా?

మన పాత గడియారం నీళ్ళ గిన్నె. అడుగున సన్నటి రంధ్రం ఉన్న రాగి గిన్నెను నీళ్ళ తొట్టిలో వదిలితే, నిండి మునిగేసరికి ఒక గడియ. గడియ అంటే 24 నిమిషాలు. అలాంటివి అరవై అయితే ఒక రోజు. సూర్యసిద్ధాంతం అనే పాత ఖగోళ గ్రంథం ఇంకా కిందికి దిగి ఊపిరి దగ్గర మొదలుపెడుతుంది. ఆరు ప్రాణాలు (ఒక ప్రాణం అంటే ఒక ఊపిరి, 4 సెకన్లు) ఒక విఘడియ, అరవై విఘడియలు ఒక గడియ. అంటే గడియకు 360 ఊపిర్లు, రోజుకు 21,600. వృత్తంలో ఉండే కలలు (కల అంటే డిగ్రీలో అరవయ్యో వంతు) కూడా సరిగ్గా 21,600. ఒక ఊపిరి తీసేసరికి ఆకాశం ఒక కల తిరుగుతుందన్నమాట. ఈ లెక్క మొదటిసారి వేసుకున్న రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

కొలిచే వస్తువును ఎంచుకుంటే దానితోపాటు మూడు విషయాలు వచ్చేస్తాయి: దాన్ని కాపలా కాసే మనిషి, అది చేసే చప్పుడు, అది చేసే తప్పు. గిన్నె మునిగినప్పుడు పైకి తీసేవాడు రాత్రంతా మేలుకోవాలి. రంధ్రంలో నాచు పడితే గడియ సాగిపోతుంది. కాపలావాడు కునుకు తీస్తే ఒక గడియ ఊరి లెక్కలోంచే పోతుంది. నీలరేవులో ఈ గిన్నే గిన్నెయ్య అనే చిన్న దేవుడయ్యాడు. రోజుకు అరవైసార్లు మునుగుతాడు, అరవైసార్లు లేస్తాడు. ఆయనకు గుడి లేదు, తొట్టే గుడి. ఆయన ముందు ఆవలించకూడదు.

రెండో మెట్టు: మిగులును వెతకండి

అసలు పని ఇక్కడే ఉంది, తొందరపడకండి.

చాంద్రమానంలో ఏడాదికి 354 రోజులు, సౌరమానంలో 365. ఏటా పదకొండు రోజులు మిగులుతాయి. అందుకే 2024లో ఏప్రిల్ 9న వచ్చిన ఉగాది 2025లో మార్చి 30కి, 2026లో మార్చి 19కి జరిగింది. దాన్ని అలాగే వదిలేస్తే ఉగాది చలికాలంలోకి పోతుంది కాబట్టి, సుమారు 32, 33 నెలలకోసారి ఒక నెలను అదనంగా కలుపుతారు. 2026లో కలిసింది అధిక జ్యేష్ఠం. ఆ అధిక మాసం కథ మీకు తెలిసే ఉంటుంది. ఏ దేవుడూ తనదనని ఆ నెలను అందరూ మలమాసమని వెలివేస్తే, అది వెళ్ళి విష్ణువు దగ్గర ఏడ్చింది. ఆయన దానికి పురుషోత్తమ మాసమని తన పేరే ఇచ్చాడు. లెక్కలో మిగిలిపోయిన దాని బాధను ఇంత జాలిగా చెప్పిన కథ నాకు ఇంకెక్కడా దొరకలేదు.

ఈజిప్టువాళ్ళ ఏడాది 30 రోజుల నెలలు పన్నెండు, పైన 5 రోజులు. ఆ అయిదు ఎలా వచ్చాయో గ్రీకు రచయిత ప్లూటార్క్ రాసిన కథలో ఉంది. ఏడాదిలో ఏ నెలలోనూ ప్రసవించకూడదని ఆకాశదేవతకు శాపం పడింది. తెలివిగల దేవుడొకడు చంద్రుడితో పందెం కట్టి ఆడి, ఆమె కాన్పుల కోసం అయిదు రోజులు గెలిచి తెచ్చాడు. మెక్సికోలో అజ్టెక్కులు మాత్రం అలా మిగిలిన అయిదు రోజులను అశుభమని భయపడి పనులు మానేసేవారు. మిగులు ఒకటే అయినా ఒకచోట పురిటి గది అయింది, ఇంకోచోట కీడు రోజులయ్యాయి. మీ ఊరి జనం ఎలాంటివాళ్ళో ఈ ఎంపికే చెబుతుంది.

ఇక నీలరేవు లెక్క. అక్కడ పల్లెల్లో రైతులు పొద్దును బట్టి రోజులు లెక్కపెడతారు. రేవులో సరంగులూ కూలీలూ పోటును బట్టి లెక్కపెడతారు. సముద్రం రెండుసార్లు పోటెక్కి తగ్గడానికి 24 గంటల 50 నిమిషాలు పడుతుంది. చంద్రుడు ఆకాశంలో రోజూ కాస్త ముందుకు జరుగుతుంటాడు కాబట్టి ఆ 50 నిమిషాల ఆలస్యం. దీన్ని ఒక పోటు రోజు అనుకుంటే, అమావాస్య నుంచి అమావాస్యకు పొద్దు రోజులు 29న్నర, పోటు రోజులు 28న్నర. తేడా సరిగ్గా ఒక రోజు. ప్రతి నెలా, సముద్రం లెక్కపెట్టని ఒక రోజు.

ఈ అంకె కాగితం మీద తేలగానే నా కథ తిరిగిపోయింది. రేవు కూలీలకు జీతం పోటు రోజుల లెక్కన ఇస్తారు, కానీ ఆకలి పొద్దు లెక్కన వేస్తుంది. నెలకు ఒక రోజు కూలీ ఎవరి జేబులోకి పోతోంది? మీ మిగులులో కూడా ఇలాంటి ప్రశ్న ఉండేదాకా వెతకండి. తిండి, అప్పు, పెళ్ళి, చావు, ఈ నాలుగింటిలో ఏదో ఒకదాన్ని ఆ మిగులు తాకాలి. తాకకపోతే అది వట్టి గణితంగానే ఉండిపోతుంది.

మూడో మెట్టు: పేర్లను మన నుడికారంలోంచే తీయండి

గ్రీకువాళ్ళకు కైరోస్ అని ఒక దేవుడున్నాడు. సరైన సమయానికి అధిదేవత. నుదుట జుట్టు, వెనకంతా బోడి. ఎదురొస్తున్నప్పుడే పట్టుకోవాలి, దాటిపోయాక చేతికి చిక్కడు. చక్కటి ఊహే, దాన్ని అరువు తెచ్చుకోవాల్సిన అవసరం మాత్రం మనకు లేదు. "అదునూ పదునూ చూసి" విత్తమని మన రైతులు ఎప్పటినుంచో అంటున్నారు. అదును అంటే కాలం కుదరడం, పదును అంటే నేలలో తేమ కుదరడం. నీలరేవులో వాళ్ళిద్దరూ కవల అన్నదమ్ములు. ఇద్దరూ ఒకేసారి ఇంటికి రావడం అరుదు. అదును వచ్చిన రోజు పదును ఊళ్ళో ఉండడు. రైతు పూజంతా ఇద్దరినీ ఒకే పీట మీద కూర్చోబెట్టడానికే.

ఇంకొకటి. మనం పెద్దవాళ్ళు పోతే "కాలం చేశారు" అంటాం. ఈ మాటను ఒక్కసారి అక్షరాలా తీసుకుని చూడండి. పోయినవాళ్ళు కాలాన్ని చేశారు, తయారు చేశారు. నీలరేవులో జనం దీన్ని అలాగే నమ్ముతారు. ఇవాళ మనం వాడుకుంటున్న గడియలు పోయినవాళ్ళు చేసి పెట్టి వెళ్ళినవి. ఎవరైనా పని మధ్యలో వదిలేసి పోతే, ఆ మిగిలిన పని విలువ చేసే కాలం ఇంటివాళ్ళ మీద బాకీగా ఉంటుంది.

ఒక సాయంత్రం కూర్చుని కాలం గురించి మీ ఇంట్లో వినపడే మాటలన్నీ రాసుకోండి. రెప్పపాటు, అసుర సంధ్య, పొద్దు వాలడం, నూరేళ్ళు నిండడం, గడియలు లెక్కపెట్టడం, ఏ గడియలో పుట్టాడో అనడం, కాలం కలిసిరాకపోవడం. సగం మంది దేవుళ్ళు అందులోనే కూర్చుని ఉంటారు. పేరు చివర అయ్య, అమ్మ చేరిస్తే ఊరి దేవతలా వినిపిస్తుంది. సంస్కృత సమాసం పెడితే పెద్ద గుడి దేవుడవుతాడు. రెండూ వాడండి, తేడా తెలిసి వాడండి.

ఒక్క జాగ్రత్త. జనం ఇప్పుడు పూజించే దేవుళ్ళ పేర్లను మీ కల్పనకు తగిలించకండి. కాలభైరవుడికి కొత్త పెళ్ళాన్నో, శనికి కొత్త పాపాన్నో అంటగడితే, రోజూ దీపం పెట్టేవాళ్ళ మనసు నొచ్చుకుంటుంది. ఆ కథల నిర్మాణం నుంచి నేర్చుకోండి, ఆ మూర్తులను వాళ్ళ గుళ్ళలోనే ఉండనివ్వండి.

నాలుగో మెట్టు: చుట్టరికంలో లెక్క ఉండాలి

చంద్రుడికి 27 మంది భార్యలు, అందరూ నక్షత్రాలే. అందులో రోహిణి ఒక్కతే ఇష్టమైతే మామ దక్షుడు క్షయించిపొమ్మని శపించాడు. చంద్రుడు 27 రోజుల్లో ఆకాశం చుట్టి రావడం, వెన్నెల తరగడం, పెరగడం అన్నీ ఒకే కాపురం గొడవలో ఇమిడిపోయాయి. ఇదీ కొలమానం.

నీలరేవులో పొద్దయ్య, పోటమ్మ ఆలుమగలు. ఆయన వేళ తప్పడు. ఆమె ఏనాడూ వేళకు రాదు, రోజుకు రెండు గడియల పైచిలుకు ఆలస్యం. నెలంతా అలా వెనకబడి వెనకబడి, నెలాఖరుకు ఆయనకంటే ఒక రోజు తక్కువ లెక్క చెబుతుంది. ఆ తేడా రోజున పుట్టిన పిల్లే మిగులమ్మ. తండ్రి లెక్కలో ఉంది, తల్లి లెక్కలో లేదు. పుట్టింటిలో చోటున్నా పీట లేని పిల్ల. పొద్దయ్య, పోటమ్మ, మిగులమ్మ, గిన్నెయ్య, అదును, పదును. ఆరుగురు చాలు. ఏడో దేవుడు కావాలనిపిస్తే, ఉన్న ఆరుగురిలో ఒకరు ఆ పని ఎందుకు చేయలేకపోతున్నారో ముందు చూడండి.

అయిదో మెట్టు: పూజంటే జనం మానేసేది కూడా

చెన్నైలో ఏ వీధికైనా వెళ్ళి చూడండి. సోమవారం ఏడున్నర నుంచి తొమ్మిది దాకా, శుక్రవారం పదిన్నర నుంచి పన్నెండు దాకా రాహుకాలం. ఆ గంటన్నరలో కొత్త షాపుకు రిబ్బన్ కట్ చేయరు, అడ్వాన్సు చేతిలో పెట్టరు. మామి ఇంట్లో కుళిగై అని ఇంకొక వేళ కూడా చూస్తారు. ఆ సమయంలో చేసిన పని మళ్ళీ మళ్ళీ జరుగుతుందని నమ్మకం. అందుకని బంగారం కొంటారు, అంత్యక్రియలు మాత్రం చేయరు. మా పెద్దమ్మ కుళిగైని పట్టించుకోదు కానీ వర్జ్యం, దుర్ముహూర్తం చూడందే ఊరికి బయల్దేరదు. గంట కొట్టే పూజారి లేకపోయినా, ఒక కాగితం ముక్క కొన్ని లక్షల మంది చేతులను గంటన్నర ఆపుతోంది.

కాబట్టి ప్రతి దేవతకూ నాలుగు ప్రశ్నలు వేయండి. ఆ వేళ ఏం మానాలి? ఎవరికి మినహాయింపు? వేళ అయిందని ఎవరు ప్రకటిస్తారు? తప్పితే పరిహారం ఏమిటి? చివరి ప్రశ్నను తేలిగ్గా తీసుకోకండి. అరవై నిండినవాళ్ళు మన దగ్గర షష్టిపూర్తి చేసుకుంటారు, అరవై ఏళ్ల చక్రం తిరిగి పుట్టిన సంవత్సరం పేరు మళ్ళీ వచ్చింది కాబట్టి. తమిళనాడులో దానికోసం తిరుక్కడయూరు వెళ్ళేవాళ్ళు ఎందరో. మార్కండేయుడి కోసం శివుడు యముణ్ణి తన్నిన చోటని ఆ గుడికి పేరు. ముసలి దంపతులు మళ్ళీ దండలు మార్చుకుంటారు, పిల్లలూ మనవలూ చుట్టూ నిలబడతారు. కాలానికి భయపడే మనిషికి ఒక ఊరట మార్గం ఉండాలి. మీ దేవతాగణంలో అది లేకపోతే భయం ఒక్కటే మిగులుతుంది, అలాంటి లోకంలో పాఠకుడు ఎక్కువసేపు ఉండలేడు.

ఆరో మెట్టు: ఒక చీలిక పెట్టండి

నుంగంబాక్కంలో ఇప్పటి వాతావరణ కేంద్రం ఆవరణలో ఒక గ్రానైట్ స్తంభం ఉంది. ఈస్టిండియా కంపెనీ 1792లో కట్టించిన మద్రాసు అబ్జర్వేటరీలోది. దాని మీద తెలుగులో కూడా చెక్కించారు. మద్రాసు సమయాన్ని లెక్కగట్టింది ఆ అబ్జర్వేటరీలోనే: గ్రీనిచ్ కంటే 5 గంటల 21 నిమిషాల 14 సెకన్లు ముందు. చాలాకాలం రైళ్ళు దాన్నిబట్టే నడిచాయి. 1906 జనవరి 1న భారత ప్రామాణిక సమయం వచ్చింది, అది అయిదున్నర గంటలు ముందు. తీసివేసి చూడండి. ఈ ఊరి గడియారాలు 8 నిమిషాల 46 సెకన్లు ముందుకు దూకాయి. కలకత్తా మాత్రం తన సొంత సమయాన్ని 1948 దాకా వదల్లేదు.

ఆ 8 నిమిషాల 46 సెకన్లు ఎక్కడికి పోయాయి? ఆ కాసేపట్లో పుట్టాల్సిన పిల్ల ఏ వేళకు పుట్టినట్టు? నీలరేవులో రాజధాని సమయాన్ని రేవు మీద రుద్దినప్పుడు ఇదే గొడవ మొదలైంది. దూకేసిన ఆ కాసేపటినీ మిగులమ్మే తీసుకుని ఒళ్ళో పెట్టుకుందని పాతకాపులు నమ్ముతారు. రోజూ అంతసేపు పని ఆపి నిలబడతారు. కొత్తవాళ్ళు దాన్ని సోమరితనం అంటారు.

పంచాంగాల్లో కూడా ఇలాంటి చీలిక ఉంది. పాత సూత్రాలను పట్టుకుని చేసే వాక్య పంచాంగం ఒకటి, ఆకాశంలో కనిపించేదానికి సరిచూసుకునే దృక్ పంచాంగం ఒకటి. ఈ రెండోదాన్ని 19వ శతాబ్దంలో గట్టిగా నిలబెట్టినవారిలో చింతామణి రఘునాథాచారి ఒకరు. మద్రాసు అబ్జర్వేటరీలో పనిచేస్తూ 1867లో ఆర్ రెటిక్యులీ అనే, వెలుగు పెరుగుతూ తరుగుతూ ఉండే నక్షత్రాన్ని కనిపెట్టింది ఆయనే. ఈ రెండు లెక్కల తేడా ఇప్పటికీ తీరలేదు. శని రాశి మారే తేదీ ఒక్కోసారి నెలల తేడాతో వస్తుంది. రెండు పక్షాల్లోనూ భక్తీ ఉంది, చదువూ ఉంది. మీ చీలికలో కూడా ఎవరినీ మూర్ఖులుగా చూపించకండి. రెండు వైపులా మీరే నిలబడి వాదించగలగాలి.

ఏడో మెట్టు: ఒక్క పూజను మొదటినుంచి చివరిదాకా రాయండి

ఆరుగురికీ పూజావిధానం రాయక్కర్లేదు. ఒక్కరికి రాయండి, గిన్నెలు కడిగేదాకా రాయండి. మిగులమ్మకు నేను రాసుకున్నది ఇది.

అమావాస్య ముందు రాత్రి ఇంట్లో కావాలనే ఎక్కువ అన్నం వండి, నీళ్ళు పోసి ఉంచుతారు. తెల్లారాక పొయ్యి వెలిగించరు. మామూలుగా దేవుడికి వేడివేడిగా వండి పెట్టాలి, మిగిలింది పెట్టకూడదు. ఈమెకు మిగిలిందే పెట్టాలి. చద్దన్నం, ఉల్లిపాయ, ఉప్పు. (ఉత్తరాదిలో శీతలాదేవికి కూడా ముందురోజు వండిన చల్లటి వంటే నైవేద్యం.) గడపకు లోపల సగం, బయట సగం ఉండేలా ఆకు వేస్తారు. పిలుపు చిన్నది: "మిగులమ్మా, లెక్కలో లేనిదానా, మా ఇంట్లో ఉండవే."

సూర్యోదయానికి కాపలావాడు గిన్నెయ్యను బోర్లించి పక్కన పెడతాడు. ఆ రోజంతా ఊళ్ళో ఎవరూ వేళ చెప్పరు. ఎవరూ బాకీ అడగకూడదు, ఆ రోజుకు వడ్డీ కట్టకూడదు. ఓడ యజమానులు కూలీలకు పని చేయించుకోకుండా పూర్తి కూలీ ఇవ్వాలి. పూజ పుట్టిందే ఈ హక్కు కోసం, పూజారులు తర్వాత వచ్చి చేరారు. తుపాను పట్టో, కాన్పు వచ్చో వేళ తెలియాల్సి వస్తే ఒక మనిషి ముందుకొచ్చి తన ఊపిరితో లెక్కపెట్టాలి, 360కి ఒక గడియ. దాన్ని ఊపిరి దానం అంటారు. ఆ ఏడాది ఆ మనిషికి రేవులో సుంకం ఉండదు.

అసుర సంధ్య వేళ దీపం పెట్టి, కాలం చేసిన ఒక పెద్దను పేరు పెట్టి తలుచుకుంటారు. వాళ్ళు సగంలో వదిలేసిన పని ఏదైనా తీసి కాసేపు చేస్తారు. తాత వల అయితే నాలుగు ముడులు. నాయనమ్మ బొంత అయితే ఒక వరస కుట్టు. పూర్తి చేయకూడదు. మరునాడు పొద్దు పొడిచాక గిన్నెను తిరిగి తొట్టిలో వదిలేది పూజారి కాదు, రేవులో పనిచేసే ఆడవాళ్ళలో అందరికంటే పెద్దావిడ.

రాశాక దాన్ని ఫాంటసీ చదివే స్నేహితులకు కాకుండా, పూజలు చేసే చేతులున్నవాళ్ళకు చదివి వినిపించండి. నేను పెద్దమ్మకు ఫోన్‌లో చదివాను. చివరిదాకా విని, "పూజ బాగుందిరా నాన్నా. మరి ఆ రోజు బాలింత ఉన్న ఇంట్లో చద్దన్నం ఎలా పెడతారు?" అంది. నా దగ్గర జవాబు లేదు. రెండు రోజులు ఆలోచించి ఒక నియమం కలిపాను. అమావాస్య నాడు వీధికి ఒక్క ఇంట్లో, వంతు ప్రకారం, పొయ్యి ఆర్పకుండా ఉంచుతారు. ఆ ఇంటివాళ్ళు వేడి అన్నం, మిరియాల చారు పట్టుకెళ్ళి బాలింత ఉన్న ఇంటి గడపలో పెట్టి, ఎవరినీ పిలవకుండా వెనక్కి వచ్చేస్తారు.